డెబ్బైనాలుగో పేజీలో మనిషి

నేను చేసే పని గురించి చుట్టాలకి చెప్పడం ఎప్పుడో మానేశాను. పుస్తకాల చివర సన్నటి అక్షరాల్లో పేర్లూ, ఊళ్ళూ, విషయాలూ వరసగా ఇచ్చి, ఒక్కొక్క దాని పక్కన పేజీ అంకెలు వేస్తారు కదా, ఇండెక్స్, అది తయారుచేస్తాను. "అదేమిటే, కంప్యూటరు చెయ్యదూ?" అంటుంది మా పెద్దక్క ప్రతిసారీ. చెయ్యదు తల్లీ. మాట ఎక్కడుందో అది చెప్తుంది, మనిషి ఎక్కడున్నాడో మనమే చెప్పాలి. ఈ మాట నేను చాలా గొప్పగా అనేదాన్ని. ఇప్పుడు అనడం లేదు.

ఆరేళ్ళుగా నా దగ్గరికి వచ్చేవన్నీ ఒకే కోవ పుస్తకాలు. ఉగ్రవాదం, దాన్ని ఎదుర్కోవడం, నిఘా, దేశ భద్రత. మొదట ఒకటి చేశాను, ప్రచురణకర్తలకు నచ్చింది, ఇక వరస కట్టాయి. నేనేమీ కోరుకోలేదు. వంటల పుస్తకాలు ఇచ్చినా చేస్తాను, తోటల పుస్తకాలు ఇచ్చినా చేస్తాను. వచ్చేవి మాత్రం ఇవే. దేశం కాని దేశంలో, హౌగాంగ్‌లో మా ఫ్లాటు వంటింట్లో కూర్చుని, కుక్కర్ మూడో విజిల్ కోసం ఒక చెవి అటు పడేసి, 'పేలుడు పదార్థాలు' అన్న శీర్షిక కింద ఎన్ని ఉపశీర్షికలు వెయ్యాలా అని తల బద్దలుకొట్టుకుంటూ ఉంటాను.

ఈ చదువు మనిషిని కుదురుగా ఉండనివ్వదు. రైలెక్కితే కళ్ళు సీట్ల కిందకి పోతాయి. ఒకసారి తిండికొట్లన్నీ ఒకచోట ఉండే హాకర్ సెంటర్‌లో ఖాళీ బల్ల మీద ఎవరిదో నల్లసంచీ కనబడితే పది నిమిషాలు దాని వంక చూస్తూ గుడ్లప్పగించి నిలబడ్డాను. చివరికి ఒక చైనీస్ ఆంటీ నూడుల్స్ పళ్ళెంతో వచ్చి, నన్ను ఎగాదిగా చూసి, "చోప్ లా, చోప్! మై టేబుల్!" అని కసిరింది. మనవాళ్ళు బస్సు సీటు మీద కర్చీఫ్ వేసినట్టు ఇక్కడ బల్ల మీద ఏదో ఒకటి పెట్టి చోటు ఆపుకుంటారు. ఇరవై ఏళ్ళుగా ఉంటున్నదాన్ని, నాకు తెలియదా? తెలుసు. కానీ ఆ వారం నేను చేస్తున్న అధ్యాయం అలాంటిది. మా అమ్మాయి నెలరోజులపాటు నన్ను చూడగానే "చోప్ లా" అని ఏడిపించింది.

ఇక అంకుల్ సంగతి. ఆయన హైదరాబాదు మనిషి. తువాస్‌లో ఓడలు బాగుచేసే యార్డులో ఇంజినీరుగా చేసి రిటైరయ్యారు. పన్నెండేళ్ళు మా పక్క ఫ్లాటు. మా అమ్మాయికి సైకిలు నేర్పింది ఆయనే. మేం ఈ ఊరు కొత్తగా వచ్చినప్పుడు ఏ కొట్లో ఏం దొరుకుతుందో చెప్పింది ఆయనా, ఆంటీనే. ఆంటీ పోయాక యీషున్‌లో కూతురి దగ్గరికి వెళ్ళిపోయారు. ఆయనది ఉర్దూ కలిసిన తెలంగాణ తెలుగు, నాది తెనాలి తెలుగు. "నువ్వు మాట్లాడితే రేడియో పెట్టినట్టుంటది బేటీ" అని నవ్వేవారు.

ఆయనకి హైదరాబాదులో ఒక తమ్ముడున్నాడని తెలుసు, కళ్ళద్దాల కొట్టు ఉందని తెలుసు. పేరు తెలియదు. అంకుల్ ఎప్పుడూ "తమ్ముడు" అనేవారు, నేనూ "మీ తమ్ముడుగారు ఎలా ఉన్నారు?" అనేదాన్ని. వరస ఉండగా పేరుతో పనేముంది అనుకునే జాతి మనది. పన్నెండేళ్ళలో ఒక్కసారి కూడా అడగలేదు.

ఒక మంగళవారం పొద్దున్నే ఫోను. "బేటీ, ఒక ఖుష్ ఖబర్ ఉంది. జల్ది రా, మకాన్ చేద్దాం." మకాన్ అంటే ఇక్కడి మలయ్ మాట, తిండి. ముప్ఫై ఏళ్ళలో ఆయన నోట్లో అది అతుక్కుపోయింది.

యీషున్‌లో వాళ్ళ బ్లాకు కింది హాకర్ సెంటర్‌లో ఇస్త్రీ చొక్కా వేసుకుని కూర్చున్నారు. ఎదురుగా గుడ్డసంచీ. అందులోంచి ఒక పుస్తకం తీసి నా ముందు పెట్టారు. అట్ట చూసి ఎగిరి గంతేశాను.

"అంకుల్! ఇది నేను చేసిందే!"

"ఏందీ?"

"దీని చివర ఇండెక్స్ నాదే. నా పేరు వెయ్యరు గానీ, నేనే చేశాను."

ఆయన కళ్ళలో నీళ్ళు తిరిగాయి. నాకు అర్థం కాలేదు. ఇండెక్స్ చూసి ఏడ్చేవాళ్ళని నేనింతవరకూ చూడలేదు.

"అల్లా! నువ్వా? నీ చేతుల మీదికెళ్ళి పోయిందా ఇది?" అని, అప్పుడు చెప్పారు. పన్నెండేళ్ళు పక్కింట్లో ఉండి చెప్పని మాట.

తమ్ముడి కొట్టు మొదట వేరే రాష్ట్రంలో ఒక ఊళ్ళో ఉండేదట. ఒక సాయంత్రం బజారు సందులో బాంబు పేలింది. అందరూ పరిగెత్తుతుంటే తమ్ముడు కొట్టు షట్టరు దించి, కూరగాయల బండి ఒకటి లాక్కుని, దాని మీద గాయపడ్డవాళ్ళని పడుకోబెట్టి ఆసుపత్రికి తోశాడు. ఒకసారి కాదు, నాలుగుసార్లు. వారం తిరక్కుండా పోలీసులు ఆయన్నే పట్టుకుపోయారు. అదే పేరుగలవాడు ఒకడు వాళ్ళ జాబితాలో ఉన్నాడు. తొమ్మిది రోజులు ఉంచుకుని వదిలేశారు. వదిలేశారే గానీ, ఆ కొట్టుకి మళ్ళీ ఎవరూ రాలేదు. సామాను అమ్ముకుని హైదరాబాదు వచ్చేశాడు.

"మావాడు ఎవ్వలికి చెప్పలే, మమ్మల్ని చెప్పనియ్యలే," అన్నారు అంకుల్. "గిప్పుడు ఈ రైటరు ఎట్లనో పట్టుకుని, కూసోబెట్టి మాట్లాడి రాసిండు. బండి సంగతి రాసిండు. బాహర్ దేశంల, ఇంగ్లీషుల, పేరుతోని!" డెబ్బైనాలుగో పేజీ తీసి, ఒక్కో వాక్యం కింద వేలు పెట్టి నాకు చదివి వినిపించారు. చదువుతూ రెండుసార్లు ఆగారు.

"శనివారం మా అల్లుని దోస్తు హైదరాబాదు పోతుండు. ఇదే పుస్తకం పంపుతున్న. తమ్ముడు ఇంకా చూడలే. వాని మనవరాలు చదివి చెప్తదంట." తర్వాత పుస్తకం నా వైపు తిప్పారు. "పేరు వెనక గూడ ఉంటది కదా? నువ్వే పెట్టినవ్ కదా? తీసి ఉంచు. నేను చాయ్ తెస్త."

నవ్వుతూనే చివరి పేజీలు తిప్పాను. ఆ పేరు ఇక్కడ రాయను. ఆ పేరు పక్కన ఇలా ఉంది: 74, 203–207.

రెండువందల మూడులో ఎవరున్నారో నాకు వెంటనే గుర్తొచ్చింది. మరో కేసులో శిక్షపడ్డవాడు. ఇంట్లో మందుగుండు దాచినవాడు. అయిదు పేజీల నిండా వాడి సంగతే. రచయిత ఇద్దరు మనుషుల గురించి రాశాడు. నేను ఇద్దర్నీ కలిపి ఒక మనిషిని చేశాను. పోలీసులు తొమ్మిది రోజులు చేసిన పనిని నేను అచ్చువేయించి పెట్టాను.

అంకుల్ రెండు గ్లాసులతో వస్తున్నారు. పుస్తకం మూసేశాను. అబద్ధం దానంతటదే నోట్లోకి వచ్చింది. "కళ్ళద్దాలు మర్చిపోయానంకుల్, సన్న అక్షరాలు కనబడటం లేదు. పుస్తకం నాకివ్వండి, మళ్ళీ ఒకసారి చదివి శుక్రవారానికల్లా తెచ్చేస్తాను."

"అరె, తమ్మునికి చెప్త, మంచి జత పంపుతడు నీకు," అన్నారు.

ఆ టీ ఎలా తాగానో నాకే తెలియదు.

బిషాన్‌లో రైలు మారాలి, సెరంగూన్‌లో మళ్ళీ మారాలి. బిషాన్‌లో ఎక్కాల్సిన వైపు కాక రెండో వైపు ఎక్కాను. సీటు ఉన్నా కూర్చోలేకపోయాను. పుస్తకం సంచీలో ఉంది, ఎవరో దాన్ని లాక్కుని చివరి పేజీ తెరుస్తారన్నట్టు రెండు చేతులతో పట్టుకుని నిలబడ్డాను.

ఇంటికొచ్చి పాత ఫైళ్ళన్నీ తెరిచాను. రచయిత తప్పేమీ లేదు. వీళ్ళిద్దరూ వేరని, పేరొకటే కావడంవల్ల ఒక అమాయకుణ్ణి తొమ్మిది రోజులు ఉంచుకున్నారని, పుస్తకం వెనక వివరణల్లో శుభ్రంగా రాశాడు. వివరణలను ఇండెక్స్‌లోకి తీసుకోవద్దని ప్రచురణకర్తలు నాకు చెప్పారు. తీసుకోవద్దన్నారు కాబట్టి చదవలేదు. ఈ సాకు పట్టుకుని ఒక గంట హాయిగానే ఉన్నాను.

తర్వాత నా పాత ఉత్తరాలు తిరగేస్తుంటే ఒకటి కనబడింది. అదే పుస్తకం గురించి సంపాదకురాలికి నేను రాసింది. నలభయ్యో పేజీలో ఒక పోలీసు అధికారి, నూట ముప్ఫయ్యో పేజీలో ఒక పోలీసు అధికారి, ఇద్దరివీ ఒకే తెలుగు పేరు, ఇంటిపేరు లేకుండా. "ఇద్దరూ ఒకరేనా, వేరా? దయచేసి రచయితనడిగి చెప్పండి. మాలో ఒకే పేరు గలవాళ్ళు వీధికి పదిమంది ఉంటారు, ఇంటిపేరు చూడకుండా కలపకూడదు" అని జాగ్రత్తగా, కాస్త గర్వంగా కూడా, రాశాను. వేరని తేలింది, విడదీశాను.

అక్కడ చెయ్యి ఆగింది. ఇక్కడ ఆగలేదు. ఇద్దరు అధికారులని కలిపేస్తే పాపమనిపించింది. ఒక ముస్లిం పేరు, బాంబుల పుస్తకంలో రెండుచోట్ల కనబడితే, ఒక్కడే అయ్యుంటాడని అనుకోవడం కూడా చెయ్యలేదు, ఆలోచన లేకుండానే కలిపేశాను. పన్నెండేళ్ళు ఆ ఇంట్లో రంజాన్ హలీం తిన్న మనిషిని. నన్ను నేను చెంపమీద కొట్టుకోవాలనిపించింది.

సాయంత్రం మావారు వచ్చారు. ఆయన బ్యాంకులో ఖాతాదారుల పేర్లు నిషేధిత జాబితాలతో పోల్చే విభాగంలో పనిచేస్తారు. చెప్పాను.

"ఇందులో అంత ఇదైపోవడానికేముంది? మాకు రోజూ యాభై వస్తాయి ఇలాంటివి. పేరు కలిస్తే పుట్టిన తేదీ చూస్తాం, తండ్రి పేరు చూస్తాం, కాదు అనుకుంటే మూసేస్తాం."

"అంటే మీ మిషను కూడా తండ్రెవరని అడుగుతుందన్నమాట. నేను అదీ అడగలేదు!" అని ఒంటికాలి మీద లేచాను. పాపం ఆయనేం చేశారు? అయినా ఆ పూట ఆయన కనబడితే చాలు మండిపోయింది. మా అమ్మాయి గదిలోంచి తల బయటపెట్టి, "అమ్మా, జస్ట్ టెల్ హిమ్ లా. వాట్ ఈజ్ దేర్ టు షౌట్?" అంది. దానికంత తేలిక.

సంపాదకురాలికి రాశాను. బుధవారం జవాబొచ్చింది, మర్యాదగా, చల్లగా. కంప్యూటరులో చదివే ప్రతిని వారంలో సరిచేస్తారట. అచ్చయిన ప్రతుల కోసం ఒక సవరణ చీటీ వేసి, వాటిని కొన్న గ్రంథాలయాలకి పంపుతారట. చీటీలో ఏం రాయాలో నన్నే చెప్పమన్నారు. బతికాననుకున్నాను. 'డెబ్బైనాలుగో పేజీలోని వ్యక్తి, 203–207 పేజీల్లోని వ్యక్తి ఒకరు కారు' అని మొదలుపెట్టి ఎనిమిదిసార్లు తిరగరాశాను. ఎనిమిదోది నాకే ఎంతో న్యాయంగా కనిపించింది.

గురువారం కాలు ఇంట్లో నిలవలేదు. మా పేట లైబ్రరీకి వెళ్ళి ఆ పుస్తకం ఉందా అని చూశాను. ఉంది, కానీ ఎవరో తీసుకెళ్ళారట. ఎవరు? ఏ పేజీలో ఉన్నారు? మొదటినుంచి చదువుతున్నారా, లేక అందరిలాగే చివర్నుంచి చూస్తున్నారా? నేనయితే కొత్త పుస్తకం చేతికొస్తే ముందు ఇండెక్సే చూస్తాను. అరల మధ్య అటూ ఇటూ తిరుగుతుంటే లైబ్రరీ అమ్మాయి వచ్చి ఏమైనా కావాలా అని రెండుసార్లు అడిగింది.

శుక్రవారం పొద్దున పదకొండున్నరకి యీషున్ ఫ్లాటులో అంకుల్ ఎదురుగా కూర్చున్నాను. కూతురూ అల్లుడూ పనుల్లోకి వెళ్ళిపోయారు. పుస్తకం తీసి, చివరి పేజీ తెరిచి, ఆ వరస మీద వేలు పెట్టాను. చెప్పాల్సింది చెప్పాను. రెండువందల మూడులో ఎవరున్నారో చెప్పాను. కళ్ళద్దాలు మర్చిపోలేదని కూడా చెప్పాను.

ఆయన పుస్తకం దగ్గరికి లాక్కుని ఆ వరస చదువుకున్నారు.

"నీకు శక్ రాలేదా బేటీ, ఇద్దరు వేరే ఉంటరేమోనని?"

"రాలేదంకుల్."

"ఎందుకు రాలే?"

వివరణలు చదవలేదని చెప్పి తప్పుకోవచ్చు. నోటిదాకా వచ్చింది. మింగేసి, ఆ ఇద్దరు అధికారుల సంగతి చెప్పాను. వాళ్ళ దగ్గర ఆగాననీ, ఆయన తమ్ముడి దగ్గర ఆగలేదనీ చెప్పాను.

ఆయన తిట్టలేదు. తిడితే బాగుండు అనిపించింది. పుస్తకం మూసి, దాని మీద అరచెయ్యి పెట్టి, "వేరేటోళ్ళు చేస్తే నాకు కోపమొచ్చేది," అన్నారు. "నువ్వు చేసినవ్. ఇప్పుడు నాకు ఏం రావాలె?"

ఆయనే ఫోను అందుకున్నారు. "నాకు కాదు, వానికి చెప్పు."

వీడియోలో తమ్ముడుగారు కనబడ్డారు. అన్నగారి నుదురే. అప్పుడే కొట్టు తెరిచినట్టున్నారు, వెనక గోడ నిండా కళ్ళద్దాలు. అంకుల్ ఉర్దూలో రెండు మాటలు చెప్పి ఫోను నా చేతిలో పెట్టారు. నేను మళ్ళీ మొదటినుంచి చెప్పాను. ఆ వరస ఎక్కడుందో చూపించమన్నారు. కెమెరా పేజీ మీదకి తిప్పాను. సన్న అక్షరాలు చదవడం ఆయన వృత్తి. ఠక్కున చదివేశారు.

"ఔ. ఇద్దరం ఒక్క లైన్లనే ఉన్నం."

"నాదే తప్పండీ. క్షమించండి."

"నన్ను ఇడిచిపెట్టిన దినం, పో అన్నరమ్మా. గంతే. పొరపాటైంది అని ఒక్కలు గూడ అనలే. మీరన్నరు." కోపం లేదు, మెచ్చుకోలూ లేదు, ఉన్న సంగతి చెప్తున్నట్టు అన్నారు.

నాకు కాస్త ఊపిరాడింది. గబగబా సంచీలోంచి నా ఎనిమిదో చీటీ తీసి చదివి వినిపించాను. ఇది పుస్తకంలో పెట్టి పంపుతారండీ, మీరూ వాడూ వేరని అందరికీ తెలుస్తుంది అన్నాను.

"వద్దమ్మా," అన్నారాయన.

"అదేమిటండీ? ఎందుకొద్దు?"

"గసొంటి కాగితం నా దగ్గర ఒకటున్నది. పోలీసోళ్ళు మొహర్ కొట్టి ఇచ్చిన్రు. ఈయన వాడు కాదు అని రాసుంటది. ఇల్లు కిరాయికి అడిగినప్పుడు చూపెట్టిన. బిడ్డ సంబంధమప్పుడు చూపెట్టిన. చూసినోళ్ళందరు ఒక్కటే అడుగుతరు. వాడెవడు అని. ఇగ వాని కథంత నేనే చెప్పాలె. చెప్పినంక వాళ్ళు నన్ను చూస్తే వాడే యాదికొస్తడు. నా పేరు తీసెయ్యండి. వెనక లిస్టుల వాడొక్కడే ఉండనియ్యి."

అంకుల్ నా చేతిలోంచి ఫోను లాక్కున్నారు. "ఏం మాట్లాడుతున్నవ్ రా! ఇన్నేండ్లకు ఒక్క పుస్తకంల మంచిగ వచ్చింది. వెనక పేరుండాలె! ఎతికితే దొరకాలె!" ఆయన అంత గట్టిగా అరవడం నేనెప్పుడూ వినలేదు.

"భాయ్‌జాన్, డెబ్బైనాలుగుల ఉన్న కదా," అన్నారు తమ్ముడు నెమ్మదిగా. "చదువుకుంట వచ్చేటోళ్ళు వస్తరు. ఎతుక్కుంట వచ్చేటోళ్ళు నాకొద్దు."

అంకుల్ ఫోను మళ్ళీ నా చేతిలో పెట్టారు.

నా పని అంతా వెతుక్కునేవాళ్ళ కోసమే. పుస్తకంలో ఉన్న ఏ మనిషినైనా రెండు క్షణాల్లో దొరికేలా చెయ్యడమే నాకొచ్చిన విద్య. ఆ మనిషి నాకు దొరకొద్దంటున్నాడు. వాదించడానికి నోరు తెరిచాను. తెరిచి, మూసుకున్నాను. చీటీలో ఒక్క ముక్కే ఉంటుందని చెప్పాను: ఈ పేరు పక్కన 74 అన్న అంకెను కొట్టివేయగలరు. ఎందుకో ఉండదు, ఎవరో ఉండదు.

"అచ్ఛా," అన్నారు. "మరి మా భాయ్ పంపే బుక్కుల?"

అంకుల్ లేచి లోపలికి వెళ్ళి ఒక పెన్ను తెచ్చి నాకిచ్చారు. ఫోను పుస్తకానికి ఎదురుగా, తమ్ముడికి పేజీ కనబడేలా పట్టుకున్నారు. నేను డెబ్బైనాలుగు మీద సన్నగా ఒక గీత గీశాను. అచ్చుపుస్తకం మీద పెన్ను పెట్టడం నాకు జీవితంలో అదే మొదలు.

ఫోనులో ఆయన ముందుకి వంగి, కళ్ళద్దాలు పైకి జరుపుకుని చూశారు.

"ఇంకొంచెం గట్టిగ గీయండమ్మా," అన్నారు. "నేనింకా కనబడుతున్న."

అంకుల్ మొహం పక్కకి తిప్పుకున్నారు, ఫోను మాత్రం కదలనివ్వలేదు. నేను మళ్ళీ గీశాను. ఆయన చాలన్నదాకా గీస్తూనే ఉన్నాను.